శ్లాబులో రెండు గంటల పది నిమిషాలు

“ఆ బకెట్ తీసెయ్యండి. చుక్క ఎక్కడ పడుతోందో నాకు కనపడాలి,” అన్నాడు డాక్టర్ సుధాంశు.

ఇంటావిడ వరహాలమ్మగారు బకెట్ తీశారు. మంచం జరిపేసిన చోట చుక్క గచ్చు మీద పడింది. ఇంకోటి పడింది. పైన పెచ్చులూడి, తుప్పు పట్టిన చువ్వలు బయటికి కనపడుతున్నాయి.

అప్పటికి కాకినాడలో ఏడాదికి తొమ్మిది నెలలు వానే. వానాకాలం అన్న మాటకి అర్థం పోయింది, వాన లేని మూడు నెలలకే ఏదో ఒక పేరు పెట్టుకోవాలి. ఊళ్లో ప్రతి డాబా కారుతోంది. పెళ్లిచూపులకి వెళ్లినవాళ్లు పిల్లని చూడకముందే తలెత్తి కప్పు చూస్తున్నారు.

ఇంటాయన సూర్యప్రకాశంగారు పాత ఇల్లు బాగుచేసి పైన ఇంకో అంతస్తు వేద్దామనుకున్నారు. కారడం ఆగందే బరువు పెట్టొద్దన్నాడు ఇంజనీరు. లీకులు ఆపుతామని ఏడుగురు వచ్చారు. ఒకడు నల్లగా పూశాడు, ఒకడు తెల్లగా పూశాడు, ఒకడు రబ్బరు షీటు పరిచి మంట పెట్టి అంటించాడు. డాబా హోలీ ఆడినట్టు తయారైంది. చుక్క మాత్రం తన చోటు మారలేదు.

ఎనిమిదో మనిషి నూకరత్నం. లీకులు ఆపే పనిలో ఇరవై ఏళ్లుగా ఉన్న మేస్త్రీ. ఆడది మేస్త్రీ ఏమిటని నవ్విన మగాళ్లందరి డాబాలూ ఆవిడే బాగుచేసింది. డాక్టర్ సుధాంశుని ఈ ఇంటికి తెచ్చిందీ ఆవిడే. కొత్త మిషన్ పరీక్షించడానికి ఆయనకి పాత ఇల్లు ఏదైనా చాలు. ఆవిడకి ఈ ఇల్లే కావాలి.

ఎందుకంటే, ముప్పై ఏళ్ల కిందట ఈ ఇంటి శ్లాబు పోసే రోజున నూకరత్నం తల్లి పోలమ్మ సాయంత్రం పెట్టే పలావుకి ఖాళీ క్యారేజీ పట్టుకుని ఇక్కడికి పనికొచ్చింది. తిరిగి ఇంటికి రాలేదు. సాయంత్రం కాంట్రాక్టర్ వాళ్ల పేటకి వచ్చి, “మీ ఆవిడ మిల్లర్ డ్రైవర్‌తో లేచిపోయిందయ్యా,” అని చెప్పి వెళ్లాడు. కాంక్రీట్ కలిపే ఆ మిల్లర్ డ్రైవర్ని శ్లాబు అవగానే వేరే ఊరి పనికి పంపేశాడు కాబట్టి, అబద్ధానికి సాక్ష్యం కూడా దొరికింది. నూకరత్నానికి అప్పుడు తొమ్మిదేళ్లు. తండ్రి నమ్మాడు. పేట నమ్మింది. పెళ్లయ్యాక అత్తగారు పన్నెండేళ్లపాటు ఆ మాటే నంజుకోడానికి పెట్టి కోడలికి అన్నం వడ్డించింది.

వయసొచ్చాక ఒకసారి నూకరత్నం వచ్చి ఈ గేటు దగ్గర నిలబడి ఆ రోజు ఏం జరిగిందని అడిగింది. సూర్యప్రకాశంగారు గేటు తియ్యకుండానే జవాబు చెప్పారు. “మా శ్లాబు రోజు గొడవలేం జరగలేదమ్మా. పొద్దున్న మొదలెట్టి ఆగకుండా పోశాం.”

ఆగకుండా పోశారో లేదో చెప్పే మిషన్ వచ్చిందని విన్న రోజునే నూకరత్నం దాన్ని కనిపెట్టిన సైన్సు డాక్టర్ని వెతుక్కుంటూ వెళ్లింది.

ఆ మిషన్ చూడ్డానికి కుట్టుమిషన్ డబ్బాలా ఉంటుంది. డాక్టర్ పెట్టిన పేరు పొడుగ్గా ఉందని జనం కారుడు పెట్టె అన్నారు. సంగతి తేలికే. సిమెంటుకి నీళ్లు తగిలిన నిమిషం నుంచీ అందులో కంటికి కనపడని స్ఫటికాలు పెరుగుతాయి. ముందు పోసిన కాంక్రీట్‌లో ముందు, వెనక పోసినదాంట్లో వెనక. ఆ తేడా ఎన్నేళ్లయినా పోదు. పెట్టె శ్లాబులోకి శబ్దం పంపుతుంది, ఆ స్ఫటికాల గుండా అది వెనక్కొచ్చే తీరుని బట్టి ఏ తట్ట ఎప్పుడు పోశారో నిమిషాలతో సహా గీస్తుంది. పనిలోపనిగా నీళ్లు నడిచే దారి కూడా చూపిస్తుంది.

డాక్టర్ తెరమీద వేలు పెట్టి చూపించాడు. “నీళ్లు ఈ గదిలో దిగడం లేదండీ. అటు పిట్టగోడ పక్కన దిగి, పద్దెనిమిది అడుగులు శ్లాబు లోపలే నడిచి, ఇక్కడ పడుతున్నాయి.”

“మరి ఏడుగురు వెధవలూ ఈ గది నెత్తినే పూశారు కదయ్యా!” అన్నారు సూర్యప్రకాశంగారు.

“చుక్క పడ్డ చోటికి సరిగ్గా పైన పూశారు. నీళ్లకి సందు దొరికితే అడ్డంగానే పోతాయి.”

“సందు ఎందుకొచ్చింది సారూ?” అంది నూకరత్నం. ఆవిడకి తెలుసు. ఆయన నోటితో చెప్పాలి.

“ఇక్కడ పోత ఆగింది. ముందు పోసింది గట్టిపడిపోయాక మళ్లీ పోశారు. రెండూ అతుక్కోలేదు.”

“ఎంతసేపు ఆగింది?”

“ఏడుంపావుకి ముహూర్తం అన్నారు కదా, అక్కణ్ణుంచి చూస్తే...” డాక్టర్ కళ్లజోడు సర్దుకున్నాడు. “పదకొండూ ఇరవైకి ఆగింది. ఒంటిగంటన్నరకి మొదలైంది. రెండు గంటల పది నిమిషాలు.”

“భోజనాలకి దిగుంటార్లే,” అన్నారు సూర్యప్రకాశంగారు.

“ఏం భోజనాలు బాబుగారూ?” నూకరత్నం గొంతు పెంచలేదు. “శ్లాబు రోజు భోజనం శ్లాబు అయ్యాకే పెడతారండీ. అప్పటిదాకా టీ నీళ్లు కూడా నిలబడే తాగుతాం. మీరు కట్టించింది ఒక్క ఇల్లు. నేను ఎక్కినవి నాలుగొందల డాబాలు.”

“అయితే వానొచ్చుంటుంది.”

“వాన పడితే ఆ పొర మీద గుంటలుండాలండీ,” అన్నాడు డాక్టర్. పాపం, ఆయన కాంక్రీట్ గురించే మాట్లాడుతున్నాడు. “మిల్లర్ చెడినా తెలిసేది, కలపడంలో తేడా వచ్చేది. ఇక్కడ మనుషులు చేతిలో తట్టలు చేతిలోనే ఉండగా ఉన్నట్టుండి వదిలేసినట్టుంది. చూడండి, ఈ చివరి తట్ట సగమే పోశారు.”

“తాడు తెగిందమ్మా,” అన్నారు వరహాలమ్మగారు.

“వరాలూ!” అని గదిమారు సూర్యప్రకాశంగారు.

“మీరూరుకోండి. ముప్పై ఏళ్లు నోరు మూసుకున్నాను. ఆ చుక్క పడేది నా మంచం మీద, మీ మంచం మీద కాదు.” ఆవిడ నూకరత్నం మొహంలోకి చూడకుండా గచ్చుకేసి చూస్తూ చెప్పారు. “కాంక్రీట్ పైకి లాగే లిఫ్టు తాడు తెగింది. దానికున్న తొట్టి వచ్చి మీ అమ్మని కొట్టింది. పైనుంచి పక్క సందులో పడింది. కాంట్రాక్టర్ వ్యాన్‌లో వేసుకుపోయి ఒంటిగంటకి ఒక్కడే తిరిగొచ్చాడు. దార్లోనే పోయిందన్నాడు. సగంలో వదిలితే మీ ఇల్లు పాడైపోతుందండీ అన్నాడు. మళ్లీ మొదలెట్టారు.”

“సాయంత్రం పలావు పెట్టారా?”

“పెట్టాం.”

“మీరు తిన్నారా అమ్మగారూ?”

“వడ్డించానమ్మా.”

“మా అమ్మని ఎక్కడ పెట్టారు?”

“వాడు చెప్పలేదు. మేం అడగలేదు.”

నూకరత్నం ఏడవలేదు. ముప్పై ఏళ్లు ఆ తల్లిని తిట్టుకుంటూ పెరిగిన మనిషికి ఏడుపు వెంటనే రాదు, దానికి కొంచెం టైము పడుతుంది. “ఆ గీత కాగితం మీద కొట్టి ఇప్పించండి సారూ,” అంది.

తరవాత మూడు రోజులు డాబా మీద కూచుని ఆ జాయింట్ పొడుగునా ఉలితో చెక్కి, కడిగి, లోపలికి పల్చటి సిమెంటు గ్రౌట్ ఎక్కించింది. ఇంకెవరినీ ఆ గీత మీద చెయ్యి వెయ్యనివ్వలేదు. నాలుగో రోజు కుండపోత. చుక్క పడలేదు.

ఆ కాగితం పట్టుకుని కార్మికుల ఆఫీసుకి వెళ్లింది. కాంట్రాక్టర్ చచ్చి పదేళ్లయింది, కేసు గడువు దాటిపోయింది అన్నారు. కాగితం తిప్పి తిప్పి చూసి, “మిషన్ మాత్రం భలే ఉందమ్మా, మా బావమరిది ఇల్లు కూడా చూపించాలి, ఆ డాక్టర్ నంబరివ్వు,” అన్నాడు ఆఫీసరు.

పేపర్లో పడింది. పోలమ్మ సంగతి నాలుగు లైన్లు, శ్లాబు సంగతి అరపేజీ. ఊరు ఊరంతా తలెత్తి కప్పులకేసి చూసింది. మా శ్లాబు ఎక్కడాగింది, ఎంతసేపాగింది అని జనం డాక్టర్ ఇంటి ముందు బారులు తీరారు. ఎందుకాగిందని అడిగినవాడు ఒక్కడూ లేడు. ఏడాది తిరక్కుండా ప్రభుత్వం రూలు తెచ్చింది. ప్రతి కొత్త శ్లాబునీ కారుడు పెట్టె చదవాలి. మధ్యలో పది నిమిషాలకి మించి పోత ఆగినట్టు తేలితే ఆ శ్లాబు పగలగొట్టి, కాంట్రాక్టరే మళ్లీ పొయ్యాలి.

డాక్టర్ సుధాంశు సంతోషించాడు. ఆయన చెడ్డవాడు కాదు. మనుషుల నెత్తిన చుక్క పడకూడదనే పాటుపడ్డాడు, అది నిజంగానే జరిగింది. రెండు మూడేళ్లలో ఊళ్లో కారే ఇల్లు వెతికినా దొరకలేదు. పాతవన్నీ గీత చూసి అతికేశారు, కొత్తవాటికి గీతే లేదు.

లీకులు లేకపోతే లీకుల మేస్త్రీతో పనేముంది? నూకరత్నం ఉలి పక్కన పెట్టి, తల్లి చేసిన పనికే వెళ్లింది. లిఫ్టు దగ్గర నిలబడి తట్ట అందుకోవడం, వెనక్కి అందించడం.

జగన్నాథపురంలో నాలుగో అంతస్తు శ్లాబు పోస్తున్న రోజు. నూకరత్నానికి రెండు అడుగుల అవతల పలాస నుంచి వలస వచ్చిన అప్పలకొండ నిలబడింది. ఆవిడ కాళ్ల కింద సెంట్రింగ్ చెక్క జారింది. అప్పలకొండ అరవడానికి కూడా టైము లేదు. కింద చప్పుడు మాత్రం పైదాకా వినపడింది.

“ఆపండ్రా!” అని అరిచింది నూకరత్నం.

“ఆపొద్దు! ఎవడూ ఆపొద్దు!” అక్కడి మేస్త్రీ అంతకంటే గట్టిగా అరిచాడు. “పెట్టెలో పడుద్దిరా, శ్లాబంతా పగలగొట్టాలి! కిందున్నోళ్లు చూసుకుంటారు, మీరు అందించండి!”

నూకరత్నం కదల్లేదు. వెనకున్నవాడు ఆవిడ చేతిలోంచి తట్ట లాక్కుని ముందుకి అందించాడు. వాడి కళ్లలో నీళ్లున్నాయి, చేతులు మాత్రం ఆగలేదు. అప్పలకొండ చోట్లోకి ఇంకో మనిషి జరిగింది. వరస కుదురుకుంది.

పది రోజుల తరవాత డాక్టర్ సుధాంశు పెట్టె పట్టుకుని వచ్చాడు. శ్లాబు మీద ఈ చివర నుంచి ఆ చివరికి నడిచాడు. నూకరత్నం ఆయనకి అడ్డంగా నిలబడింది.

“సారూ, ఇక్కడ ఒక ఆడమనిషి పడి చచ్చిపోయింది. ఆ రోజే శవాన్ని వ్యాన్‌లో ఊరికి పంపేశారు. ఇక్కడ అడిగితే అలాంటి మనిషే పనికి రాలేదంటున్నారు. ఆవిడకి ఇద్దరు చిన్నపిల్లలు. మీ పెట్టెలో ఉంటుంది, చూడండి.”

డాక్టర్ ఆవిడ చూపించిన చోట మోకాళ్ల మీద కూచుని ఒకసారి చదివాడు. శబ్దం పెంచి రెండోసారి చదివాడు. తెరని నూకరత్నం వైపు తిప్పాడు. ఈ చివర నుంచి ఆ చివరిదాకా ఒకటే రంగు, నున్నగా.

“ఏమీ లేదు నూకరత్నం,” అన్నాడు. “ఇంత మంచి శ్లాబు ఈ ఏడాది నేను చూళ్లేదు.”

కింద కాంట్రాక్టర్ కాగితం పట్టుకుని నిలబడ్డాడు. పెట్టె చెప్పిందే రాయాలని రూలు. డాక్టర్ మెట్లు దిగి సంతకం పెట్టాడు.