కల్వర్టు దగ్గర వెన్నెల

ఆరోజు ఐదో నెల స్కానింగ్ చేయించుకుని జయపురం నుంచి వస్తున్నాం. అంతా బాగుందని డాక్టరమ్మ చెప్పింది. నారాయణపట్న దాకా బస్సులో వచ్చి, అక్కడ తెలిసినవాళ్ళింట్లో పెట్టిన స్కూటరు తీసుకుని బంధుగాం బయల్దేరేం. మావారు మాధవ్ అక్కడ జూనియర్ ఇంజనీరు.

పెళ్ళయిన ఆరేళ్ళకి, రెండుసార్లు పోయేక, నిలిచిన కడుపు ఇది. అందుకే గొయ్యి కనిపిస్తే చాలు, మాధవ్ స్కూటరు ఆపి నన్ను దింపి, అది దాటేక మళ్ళీ ఎక్కించుకునేవాడు. అలా నడిపితే ఇంక వెలుగుండగా ఇల్లు చేరడం ఎక్కడ? కొండ మలుపుకి కాస్త కింద, ఒక కల్వర్టు దగ్గర ఇంజను టకటకమని ఆగిపోయింది. ఎంత తన్నినా స్టార్టవలేదు. ఫోన్లలో సిగ్నల్ లేదు.

"పైన మలుపు దగ్గర సిగ్నల్ వస్తాది. మనోరంజన్‌కి ఫోన్ చేసి జీపు తెమ్మంటాను," అన్నాడు. మనోరంజన్ మా పక్కింటి కుర్రాడే, జీపు నడుపుతాడు. "నువ్వు ఇక్కడే కూర్చో. కదలకు గౌతమీ."

"తొరగా వచ్చేయండి."

కల్వర్టు పక్కనే పెద్ద పనసచెట్టు. దాని కింద బండరాయి మీద కూర్చున్నాను. ఎదురుగా రాగులు కోసేసిన చోడి పొలం. కింద గెడ్డలో నీళ్ళు సన్నగా పారుతున్నాయి. కీచురాళ్ళు ఒకటే రొద. చలికి శాలువా కప్పుకున్నాను. చూస్తూండగానే నా వెనక కొండమీద నుంచి చంద్రుడొచ్చేడు. పున్నమి. పొలమంతా పిండి ఆరబోసినట్టు తెల్లబడింది. పనసనీడ నల్లగా రోడ్డు దాకా పరుచుకుంది.

కాసేపటికి కీచురాళ్ళు ఆగిపోయేయి.

గెడ్డ చప్పుడు కూడా వినిపించలేదు. కొత్తగా సున్నం వేసిన గోడ దగ్గర వస్తుందే, ఆ వాసన... ఈ అడవిలో ఎక్కణ్ణుంచి?

రోడ్డు మీద మాధవ్ వస్తున్నాడు. ప్రాణం లేచొచ్చింది. కానీ పైకి వెళ్ళిన మనిషి కిందివైపు నుంచి వస్తున్నాడేమిటి? అడ్డదారి ఉందేమోలే అనుకున్నాను.

"ఫోన్ కలిసిందా?" అని అడిగేను.

"కలిసింది. ఇటు రా."

గొంతు మాధవ్‌దే. కానీ నీడ అంచు దగ్గర ఆగిపోయేడు. వస్తున్నప్పుడు దారిలో ఒక కొమ్మనీడ పడి ఉంటే దాన్ని కూడా చుట్టు తిరిగి వచ్చేడు, బురదగుంట తప్పించుకున్నట్టు.

"మీరే రండి. నాకు నడుం నొప్పిగా ఉంది."

"నువ్వే రా. ఇక్కడ వెలుగుంది."

నేను లేవలేదు. వెన్నెల్లో నిలబడ్డవాడికి కాళ్ళ దగ్గర నీడ ఉండాలి కదా. స్కూటరుకి ఉంది. కల్వర్టు గోడకి ఉంది.

అతనికి లేదు.

"గౌతమీ..." మెల్లగా అన్నాడు. "ఎన్నో నెల?"

పొద్దున్నే స్కానింగ్ ఫోటో చూసి కళ్ళనీళ్ళు పెట్టుకున్న మనిషి అడిగే మాటా ఇది? రెండు చేతులూ పొట్ట మీద వేసుకున్నాను.

చంద్రుడికి మబ్బు అడ్డొచ్చింది. రోడ్డు మీద ఎవరూ లేరు. మబ్బు తొలగింది. ఉన్నాడు... ఇంకా దగ్గరగా. ఈసారి అతని చొక్కాలోంచి వెనకున్న కల్వర్టు రాళ్ళు కనిపించేయి.

అతని వెనక పొలంలో వెన్నెల అక్కడక్కడా ముద్దకట్టి పైకి లేస్తోంది. మనిషంత ఎత్తు. కొన్నిటికి తలల్లేవు. కొన్నిటికి అప్పుడప్పుడే చేతులు వస్తున్నాయి. అన్నీ నావైపే తిరిగి ఉన్నాయి.

కళ్ళు దించుకున్నాను. ఆకుల సందుల్లోంచి నేల మీద పడిన వెన్నెల ముక్కలు... గాలి లేదు, ఆకు కదలడం లేదు. ఆ ముక్కలు మాత్రం కదుల్తున్నాయి. నా కాళ్ళవైపు. కాళ్ళు పైకి లాక్కున్నాను. చంద్రుడు పైకెక్కుతున్నాడు. చెట్టు నీడ పొట్టిదవుతోంది.

"రా అమ్మీ," అంది ఆ గొంతు. మాధవ్ నన్నెప్పుడూ అలా పిలవలేదు.

అప్పుడే పైమలుపులో జీపు లైట్లు వెలిగేయి. పసుపుపచ్చటి వెలుతురు రోడ్డంతా పరుచుకుంది. ఒక్కసారిగా పొలం ఖాళీ. రోడ్డూ ఖాళీ. గెడ్డ చప్పుడు మళ్ళీ వినిపించింది.

జీపు ఆగింది. మాధవ్ దిగి పరుగెత్తుకొచ్చేడు. లైట్లలో అతని నీడ పొడుగ్గా నా మీద పడింది. అయినా నమ్మలేదు. చెయ్యి పట్టుకుని చూసేను. వెచ్చగా ఉంది. పెట్రోలు వాసన, చెమట వాసన. అప్పుడు ఏడుపొచ్చింది.

"మనోరంజన్ దారిలోనే దొరికేడు. ఎక్కు, ఎక్కు," అన్నాడు.

వెనక సీట్లో ఇద్దరం కూర్చున్నాం. జీపు కదిలింది. కొంతదూరం పోయేక మాధవ్ ముందున్న మనోరంజన్‌కి వినబడకుండా గొణిగేడు.

"ఇందాకా అంతలా పిలిస్తే ఆగలేదేటి? కడుపుతో ఉండి ఆ పరుగేటి?"

"ఎవరండీ?"

"నువ్వే. నా వెనకాలే పైకి వచ్చేవు కదా. పక్కనే కూర్చున్నావు. జీపు లైట్లు కనపడగానే పొలంలోకి దిగిపోయేవు."

"నేను చెట్టుకింద నుంచి కదల్లేదు."

నా మొహంలోకి చూసేడు. చాలాసేపు చూసేడు. నేను నేనేనా అని చూస్తున్నాడని తెలుస్తూనే ఉంది. దెయ్యాలకి నీడ ఉండదంటారు కదా, నా పాదాల దగ్గర నీడ కోసం వెతికేడు.

"ఏటి చెప్పింది... మీతో?" అని అడిగేను.

"బిడ్డ పుట్టగానే మాకిచ్చెయ్యండి, అంది. వేళాకోళం ఆడుతున్నావనుకున్నాను."

"మీరేటన్నారు?"

పట్టుకున్న నా చెయ్యి వదిలేసేడు.

"నవ్వి... సరే అన్నాను."

జీపు మలుపు తిరిగింది. పక్కనుంచి వెన్నెల వచ్చి నా ఒళ్ళో పడింది. ఆ వెలుగు పడినవైపుకి, లోపల బిడ్డ మొట్టమొదటిసారి కదిలింది.