ఉప్పు సరిపోయిందన్నారు

కోడి ముక్కలు వేసిన నీళ్ళు కుతకుతలాడకూడదు. అడుగునుంచి చిన్న బుడగలు ఒకటొకటిగా పైకి వస్తూ ఉండాలి, అంతే. మంట కాస్త పెరిగిందా, సూపు మబ్బు పట్టినట్టు అయిపోతుంది. అత్తగారు స్టవ్ తగ్గించి, పైకి తేలిన తెట్టును గరిటె అంచుతో తీసి పక్కన వేసింది. కిటికీలోంచి పొద్దుటి ఎండ వచ్చి గట్టు మీద తరిగిపెట్టిన క్యారెట్ ముక్కల మీద పడుతోంది. ఆ కాస్త ఎండకే అవి కొత్తగా రంగు వేసినట్టు మెరుస్తున్నాయి.

ఆవిడ ఉద్యోగం చేసినన్నాళ్ళూ ఒక పెద్ద హోటల్లో దుప్పట్లు, బల్లగుడ్డలు ఉతికే చోట పనిచేసింది. ఆ హోటల్ వంటింట్లో చైనా వంటలు చేసే ముసలాయన ఒకాయన ఉండేవాడు. కొడుకు చిన్నప్పుడు జ్వరమొచ్చి ఏదీ నోట పెట్టకపోతే, ఆయనే సగం మాటలతో, సగం సైగలతో ఈ సూపు నేర్పాడు. కోడిని అల్లం ముక్కతో సన్నటి సెగ మీద ఉడికించాలి. ముక్కలు తీసి, చల్లారాక పోగుల్లా చీల్చి పక్కన పెట్టాలి. ఆ నీళ్ళలో క్యారెట్, బీన్స్, క్యాబేజీ. చిక్కదనానికి చెంచాడు కార్న్‌ఫ్లోర్, పైన గుడ్డు తెల్లసొన ధారగా. చికెన్ పోగులు ఆఖర్న. ఉల్లికాడలూ తెల్ల మిరియాల పొడీ దించాక.

అప్పటినుంచీ ఆ ఇంట్లో ఎవరికి ఒంట్లో బాగాలేకపోయినా ఇదే. ఇప్పుడు ఆ కొడుకే, లిఫ్టులు బాగుచేసే మెకానిక్, కడుపుకి ఆపరేషనై లోపలి గదిలో పడుకుని ఉన్నాడు. తేలికైనవే పెట్టమని, ఉప్పు బాగా తగ్గించమని డాక్టరు మరీ మరీ చెప్పి పంపాడు.

"ఏమండీ, ఒకసారి ఇలా రండి."

ముందుగదిలో చొక్కాకి గుండీ కుట్టుకుంటున్న మామగారు లేచి వచ్చాడు. దర్జీ పని చేసి బతికినవాడు. షాపు మూసేసినా ఆయన చేతిని సూది వదల్లేదు.

ఆ ఇంట్లో ఒక పద్ధతి ఉంది. పొయ్యి మీద ఏది ఉన్నా, దించేముందు మొదటి చెంచా ఆయనది. ఆయన నాలుకకి మొహమాటం లేదు. కొత్త కాపురంలో ఆవిడ అన్నగారు భోజనానికి వస్తే, ఆ అన్నగారి ఎదురుగానే "ఇవాళ ఉప్పంతా ఎవరికోసం దాచిపెట్టావోయ్?" అన్న మనిషి. ఆ తర్వాత చాలా రోజులు ఆవిడ ఆయనతో గోడకి చెప్పినట్టు మాట్లాడింది. కానీ ఆ నోటిని నమ్మొచ్చని కూడా ఆ రోజే తెలిసింది.

అందుకే, ఈమధ్య వచ్చిన పెద్ద జ్వరం తగ్గుతూ తగ్గుతూ ఆవిడ వాసననీ రుచినీ పట్టుకుపోయినప్పుడు, ఆ సంగతి ఒక్క ఆయనకే చెప్పింది. "పిల్లలకి తెలియనివ్వకండి. ఇకమీదట నా నాలుక మీరే" అంది. ఆయన తలూపాడు.

ఇప్పుడూ చెంచా నోటికి అలా ఆనించి, ఇలా తీసేశాడు.

"సరిపోయింది."

"అప్పుడేనా? సరిగ్గా చప్పరించారా అసలు?"

"సరిపోయిందంటే సరిపోయిందోయ్. నేనెప్పుడన్నా తప్పు చెప్పానా?"

చెప్పలేదు. ఆవిడ తృప్తిగా సూపు గిన్నెలో పోసింది. ఇంతలో కోడలు జడ వేసుకుంటూనే వంటింట్లోకి వచ్చింది. మధ్యాహ్నం కళ్ళజోళ్ళ షాపులో డ్యూటీ ఆమెకి.

"నేను తీసుకెళ్తా ఇవ్వండత్తయ్యా. వేడిగా ఉంది, మీ చెయ్యి వణుకుతోంది."

"వణికే చేత్తో ఇన్ని క్యారెట్లు ఇంత సన్నగా ఎవరు తరిగారమ్మాయ్, మీ షాపు ఓనరా?"

కోడలు నవ్వి, గిన్నె తీసుకెళ్ళి, గది తలుపు దగ్గరగా వేసుకుంది.

అత్తగారు గట్టు తుడుస్తూ, మూత వేసిన పళ్ళెం పక్కకి జరపబోయి ఆగింది. మూత తీసి చూస్తే చీల్చిన చికెన్ అంతా అందులోనే ఉంది. ఒక్క పోగు కూడా సూపులో వెయ్యలేదు. "నా మతిమరుపు మండా" అని తనలో తనే నవ్వుకుని, పళ్ళెం పట్టుకుని గదిలోకి నడిచింది.

"ఆగు నాన్నా, తాగెయ్యకు. చికెన్ వెయ్యడం మర్చేపోయాను."

కొడుకు దిండుకి ఆనుకుని కూర్చుని తాగుతున్నాడు. అమ్మని చూసి చెంచా గాలిలోనే ఆపేశాడు. ఆ చెంచాలో చికెన్ పోగు వేలాడుతోంది. అతని గిన్నెలో ఇంకా కొన్ని తేలుతున్నాయి. కిటికీ గూట్లో మూత తీసిన ఫ్లాస్కు ఉంది. స్నానాలగదిలోంచి ఏదో పారబోసిన చప్పుడు, వెంటనే కుళాయి చప్పుడు.

కోడలు, ఇందాక వంటింట్లోంచి తెచ్చిన గిన్నె ఖాళీగా పట్టుకుని, బయటికి వచ్చింది. గిన్నె అంచుకి క్యారెట్ ముక్క ఒకటి అంటుకుని ఉంది.

అత్తగారు చేతిలో పళ్ళెం వైపు, కొడుకు గిన్నె వైపు, మళ్ళీ పళ్ళెం వైపు చూసింది. లెక్క తేలడానికి పెద్ద చదువేం అక్కర్లేదు.

"ఎన్నాళ్ళనుంచి?"

"అమ్మా, ముందు నువ్వు కూర్చో" అన్నాడు కొడుకు.

"నిన్నడగలేదు."

"ఆసుపత్రి నుంచి వచ్చిన మర్నాటి నుంచీ" అంది కోడలు, తల వంచుకుని. "మొదటిరోజు రెండు చెంచాలు తాగేసరికే ఈయనకి కడుపులో తిప్పేసింది. ఏమైందా అని నేను రుచి చూశాను. నోట్లో పెట్టుకోలేనంత ఉప్పత్తయ్యా."

"ఉప్పు సరిపోయిందన్నారు మీ మామయ్య."

కోడలు కళ్ళెత్తి గుమ్మం వైపు చూసింది.

"ఆయనకి తెలుసా?"

"మామయ్యే చెప్పారు, మీకు రుచి తెలియడం లేదని. రోజూ మీరు లేవకముందే నేను చేసి ఫ్లాస్కులో పోస్తున్నాను. మీరు నేర్పినట్టే."

"నా వంటింట్లో? నాకు తెలియకుండా?"

"ఇల్లంతా అల్లం వాసన ఉండేదత్తయ్యా" అంది కోడలు చాలా మెల్లగా. "మీకు తెలిసేది కాదు."

ఆ మాట ఆవిడకి చెంపదెబ్బలా తగిలింది. తను రోజూ లేచి వంటింట్లోకి రావడం, ఆ వాసన మధ్యలోనే నిలబడి ఏమీ ఎరగనట్టు మళ్ళీ అల్లం తరగడం, పక్కగదిలో ఈ పిల్ల ఊపిరి బిగబట్టి ఉండటం, అన్నీ ఒక్కసారిగా కళ్ళముందు కదిలాయి.

మామగారు గుమ్మంలో నిలబడి ఉన్నాడు. చొక్కా చేతిలో ఉంది, గుండీ దారానికి వేలాడుతోంది. ఆవిడ ఆయన వైపు తిరిగింది.

"ఇవాళ ఉప్పు ఎలా ఉంది?"

ఆయన వేలాడే గుండీని వేళ్ళతో పట్టుకున్నాడు. "ఎక్కువైంది."

"ఎంత?"

"చాలా. మర్చిపోయి రెండుసార్లు వేశావు."

"వేస్తుంటే చూశారా?"

"చూశాను."

"చూస్తూ ఊరుకున్నారు" అంది ఆవిడ. గొంతు పెంచలేదు. పెంచి ఉంటే బాగుండునని ముగ్గురికీ అనిపించింది. "ఈ పిల్ల పారబోసింది సూపు. మొగుడి కడుపు కాపాడుకుంది, తప్పేముంది? లోకమంతా నా మొహం చూసి బాగుందన్నా మీరు అనరని కదండీ నేను మిమ్మల్ని అడిగింది. ఇంకెవరినీ అడగలేక కాదు."

"జ్వరం తగ్గాక నువ్వు గోడవైపు తిరిగి పడుకునేదానివి" అన్నాడాయన. "పిలిస్తే పలికేదానివి కాదు. వీడు ఇంటికొచ్చిన రోజే లేచావు. వంటింట్లో నీ కత్తి చప్పుడు వింటూ ఎంతసేపు కూర్చున్నానో నాకే తెలీదు. తర్వాత చెంచా నోట్లో పెట్టుకుంటే ఉప్పు కషాయం. ఎక్కువైందంటే మళ్ళీ ఆ గోడవైపుకే తిరుగుతావని భయమేసింది."

"అందుకని నన్ను ఆడించారు. చంటిపిల్లకి ఉత్త గిన్నెలిచ్చి వండుకోమన్నట్టు. నేనేమో నా కొడుకు నా చేతి సూపుతో కోలుకుంటున్నాడని రోజూ..."

మాట పూర్తి చెయ్యకుండా పళ్ళెం బల్లమీద పెట్టి, ఆయన పక్కనుంచే దాటుకుని బాల్కనీలోకి వెళ్ళి తలుపు వేసుకుంది.

కింద వీధిలో పాలబండి వెళ్ళింది, బడిపిల్లలు వెళ్ళారు. ఎదురు మేడ మీద ఎవరో దుప్పటి ఆరేసి, ముడతలు పోయేలా నాలుగు మూలలూ లాగారు. ఇన్నేళ్ళు హోటల్ దుప్పట్లు ఉతికిన అలవాటుకి ఆవిడ కళ్ళు అటే పోయాయి. మనసు మాత్రం ఆ చెంచా దగ్గరే ఆగిపోయింది. అన్నగారి ముందు పరువు తీసిన నోరు, ఇన్నాళ్ళూ రోజూ సరిపోయింది, సరిపోయింది అంది. ఇక ఆయన ఏది బాగుందన్నా ఎలా నమ్మడం? చీర బాగుందన్నా, ఒళ్ళు బాగుందన్నా, ఏం పరవాలేదన్నా?

చాలాసేపటికి తలుపు తెరుచుకుంది. కొడుకు పొట్ట మీద చెయ్యి పెట్టుకుని, గోడ పట్టుకుని అడుగులో అడుగు వేస్తూ వచ్చాడు.

"ఒరే, ఎవరు లేవమన్నారు నిన్ను?"

"ఎవరూ అనలేదు. నువ్వు లోపలికి రావుగా." మెల్లగా పక్కనున్న స్టూలు మీద కూర్చున్నాడు. "అమ్మా, ఒకటి అడుగుతాను. నాకెందుకు చెప్పలేదు?"

"ఏమని?"

"రుచి పోయిందని. జ్వరం తగ్గగానే అడిగాను కదా, అంతా మామూలేనా అని. బంగారంలా ఉన్నానన్నావు. అప్పటికి నాకు ఆపరేషన్ కూడా లేదు."

ఆవిడ వీధివైపు చూసింది.

"నువ్వు మాకు అబద్ధం చెప్పావు. నాన్న నీకు చెప్పాడు. మేమిద్దరం కలిసి రోజూ చెప్పాం. ఈ ఇంట్లో నిజం చెప్పింది నా పొట్ట ఒక్కటే. రెండు చెంచాలకే తిప్పికొట్టింది."

ఆవిడకి నవ్వొచ్చింది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. అన్నాళ్ళూ ఎవరికీ కనబడనివ్వని కన్నీళ్ళు కొడుకు ముందే జారిపోయాయి.

"నాకేమీ తెలియడం లేదురా" అంది. "పంచదార నోట్లో వేసుకుంటే ఇసకలా ఉంటుంది. పాలు విరిగాయో లేదో తెలీదు. అన్నం మాడినా తెలీదు. చెబితే, పాపం పెద్దది, కూర్చోబెట్టండి అంటారు. వంట చెయ్యని నేను ఈ ఇంట్లో ఎవర్ని?"

కొడుకు ఆవిడ చెయ్యి పట్టుకున్నాడు. తలుపు వెనక కోడలు ముక్కు ఎగబీల్చిన చప్పుడు వినబడింది.

"ఇటు రా అమ్మాయ్, చాటునుంచి ఏడవడం ఎందుకు" అంది అత్తగారు కళ్ళు తుడుచుకుంటూ. "డ్యూటీకి పోవా?"

"రానని ఫోన్ చేశానత్తయ్యా."

"అయితే ఊరికే నిలబడక కోడి ముక్కలు తీసి కడుగు. పొద్దుట చేసింది చల్లారిపోయుంటుంది, వీడు సగం కూడా తాగలేదు." లేచి నిలబడింది. "ఒక్క మాట. సూపు నేను చేస్తాను. ఉప్పు నేను ముట్టుకోను. అది నువ్వే వెయ్యాలి, నా కళ్ళెదురుగా. ఎంత వేశావో పైకి చెప్పి మరీ వెయ్యాలి. ఫ్లాస్కులూ స్నానాలగదులూ వద్దు."

"అలాగే అత్తయ్యా."

"ఈ ఇంటి వాసనలు కూడా నువ్వే చెప్పాలి. పాలు విరిగితే విరిగాయని చెప్పు. నా మొహం చూడకు."

ఇద్దరూ గట్టు దగ్గర నిలబడ్డారు. కోడలు క్యాబేజీ తరుగుతుంటే అత్తగారు చూడలేక, "అవి ముక్కలా, రుమాళ్ళా?" అని కత్తి లాక్కుంది. కోడలు ముక్కు తుడుచుకుంటూనే నవ్వింది. బుడగలు పెద్దవి కాకముందే మంట తగ్గింది. తెల్లసొన ధార సూపులో దారప్పోగుల్లా విచ్చుకుంది. ఈసారి చికెన్ మర్చిపోలేదు. కోడలు ఉప్పు వేసి, "చిన్న చెంచాలో సగమే" అని పైకి చెప్పి, రుచి చూసి, ఇంక చాలని గట్టిగా చెప్పింది.

మామగారు వంటింటి గుమ్మం దాకా వచ్చి ఆగిపోయాడు. ఎవరూ పిలవలేదు. వెళ్ళి భోజనాల బల్ల దగ్గర కూర్చున్నాడు.

కొడుకు బల్ల దగ్గరికే వచ్చి, గిన్నెడు తాగి, ఇంకొంచెం అడిగాడు. అతనికి పోశాక అత్తగారు, జ్వరం తర్వాత మొట్టమొదటిసారి, తనకి కూడా కాస్త పోసుకుంది. ఏమీ తెలియని దానికి ఎందుకు దండగ అని ఇన్నాళ్ళూ పోసుకోలేదు.

రెండు చెంచాలు తాగింది. ఎదురుకుర్చీలోంచి ఆయన అడిగాడు.

"నీకెలా ఉంది?"

పెళ్ళైన నాటినుంచీ ఎలా ఉందని అడిగేది ఆవిడే. ఎదురు ప్రశ్న ఎప్పుడూ రాలేదు. ఆవిడ ఇంకో చెంచా నోట్లో పెట్టుకుని, కళ్ళు మూసుకుని, తొందర లేకుండా వెతుక్కుంది.

"వేడి తెలుస్తోంది" అంది. "గుడ్డు మెత్తగా జారుతోంది. క్యారెట్ ఇంకా కాస్త గట్టిగా ఉంది, అలాగే ఉండాలి."

"ఇంకా?"

"ఇంకేమీ తెలియడం లేదు."

తొందర్లోనే వచ్చేస్తుందిలే అంటాడేమోనని ఆవిడ ఎదురుచూసింది. ఆయన అనలేదు. కళ్ళు నిండిపోయినా, "అవునా" అని మాత్రం అని, చూపు తిప్పుకోకుండా అలాగే కూర్చున్నాడు.

ఆవిడ కాసేపు ఆయన మొహంలోకి చూసి, గరిటె తీసుకుని, ఆయన గిన్నెలో సూపు పోసింది.