లోపలికి వంచిన అంచు రేకు

నమ్మనివాళ్ళు ఇప్పుడే లేచి వెళ్ళిపోవచ్చు. కూర్చున్నవాళ్ళు మాత్రం కథ మధ్యలో "అబ్బే, కోతలు!" అన్నారో, ఇక నా పూచీ లేదు.

రేకుల మేస్త్రి అంటే అలాంటిలాంటి మేస్త్రి కాదు. ఆయన సుత్తి ఎత్తితే మబ్బులు దారి మార్చుకునేవి! చూరు చివర ఆయన కొట్టిన అంచు రేకును చూసి వాన చుక్క దండం పెట్టి, గోడకి దూరంగా దూకేది. కిటుకంతా ఆ రేకు కొసలోనే ఉంది. బయటికి వంచితే నీళ్ళు నేల మీదికి. వేలెడంత లోపలికి వంచితే గోడలోకి. పైకేమీ కనబడదు. లోపల దూలం కొసలు మెల్లగా కుళ్ళుతాయి.

ఆయన తమ్ముడిదీ అదే పని. "పనిలో తమ్ముడు అన్నని మించిపోయాడు" అని జనం అనడం మొదలెట్టాక మేస్త్రికి అన్నం సహించలేదు. ఆ తమ్ముడే కొత్తిల్లు కట్టుకుని, "అంచు రేకు నీ చేత్తోనే కొట్టాలన్నయ్యా" అన్నాడు. కొట్టాడు. లోపలికి వంచి కొట్టాడు. అన్న పని కదా అని తమ్ముడు తలెత్తి కూడా చూసుకోలేదు.

వానలు ముదిరాక కప్పు కూలి తమ్ముడు పోయాడు. అందరికంటే గట్టిగా ఏడ్చింది అన్నే.

కొన్నాళ్ళకి, వాన పడుతున్న ఒక మధ్యాహ్నం, మేస్త్రి పడకగది గోడకి చెమ్మ పట్టింది. తడి సున్నం వాసన. గోడ లోపల ఏదో గుటకలు వేస్తున్న చప్పుడు.

"లోకంలో గోడలన్నీ కాపాడిన మొనగాడివి, మన గోడకి జలుబు చేసిందేంటయ్యా?" అంది భార్య.

"నా పనిలో నీళ్ళా? వాగుడాపి నిచ్చెన పట్టుకో."

ఎక్కి చూశాడు. అంచు రేకు లోపలికి వంగి ఉంది. బయటికి వంచి దిగాడు. కాలు నేల మీద పెట్టాడో లేదో...

టక్. టక్.

మళ్ళీ ఎక్కాడు. రేకు మళ్ళీ లోపలికి. రేకు మీద సుత్తి దెబ్బల గుర్తులు తడిమి చూశాడు. అవి గోడవైపు నుంచి పడ్డాయి. రేకుకీ గోడకీ మధ్య చిటికెనవేలు కూడా దూరదు...

వాన జోరందుకుంది. పట్టపగలే చీకటి కమ్మింది. కుళ్ళిన చెక్క వాసన ముక్కు బద్దలు కొడుతోంది.

"దిగిరావయ్యా!"

దిగేవాడే. కానీ దిగితే పేరు పోతుంది. గోడ కూలితే ప్రాణమే పోతుంది. రేకు కింద వేళ్ళు దూర్చి, ఉన్న బలమంతా పెట్టి లాగాడు.

లోపలి నుంచి ఎవరో లాగారు.

"అన్నయ్యా..." గోడలోంచి గుసగుస. "నీ చేత్తోనే కదా..."

"తప్పయిందిరా... వదులు..."

రేకు వేళ్ళ మీద మూసుకుంది. తొందర లేకుండా. పనితనం తెలిసిన చెయ్యి మడత వేసినట్టు. టక్... టక్...

ఒక్క కేక. తర్వాత వాన చప్పుడే.

నిచ్చెన పైమెట్టు కిర్రుమంది. ఆ కిందిది కూడా. హమ్మయ్య, దిగుతున్నాడనుకుని భార్య తలెత్తింది. నిచ్చెన మీద ఎవరూ లేరు. మేస్త్రి చూరుకి వేళ్ళు చిక్కి వేలాడుతున్నాడు. కదలడం లేదు. మెట్లు మాత్రం ఒక్కొక్కటే వంగుతున్నాయి...

ఒకరి అడుగులు. వెనకే ఇంకొకరివి.

తడి చెయ్యి ఒకటి ఆమె చేతిని రాసుకుంటూ పోయింది. ఆ వెంటనే రెండోది. తడి పాదాల జాడలు రెండు జతలు, పక్కపక్కనే, ఇంట్లోకి వెళ్ళాయి. తిరిగి బయటికి రాలేదు.

కోతలంటారా? ఎంత వాన కురిసినా ఆ గడప దాటకుండా అరుగు మీదే తడుస్తూ కూర్చునే ఆవిడ ఉంది. వెళ్ళి అడగండి. అందరూ పిలిచే పేరు నిచ్చెనమ్మ.