సగం చదివే లైబ్రరీ

ఆఫీసులో అతన్ని అందరూ సొంతడబ్బా అనేవారు. వెనకాల కాదు, మొహానే. అతను దాన్నొక బిరుదులా స్వీకరించాడు.

ఆమెను లైబ్రరీ మేడమ్ అనేవారు. పుస్తకాలతో ఆమెకు పనిలేదు. అక్కడ తయారయ్యే ప్రోగ్రాములన్నీ కలిసి వాడుకునే హ్యాష్ లైబ్రరీ అనే కోడు కట్ట బాగోగులు ఆమెవి. దానికి ఒక్క మాట ఇచ్చినా, బండెడు పుస్తకం ఇచ్చినా, వేలిముద్ర లాంటి ఒక పొట్టి అక్షరాల వరుస బయటికిస్తుంది. ఆ ముద్ర చూసి అసలు మాట చెప్పడం ఎవరి తరమూ కాదు. రెండు వేర్వేరు మాటలకు ఒకే ముద్ర రాకూడదు. పాస్‌వర్డుల నుంచి జీతాల ఫైళ్ల దాకా అన్నిటికీ దాని మీదే భరోసా.

అందరూ వాడేదే తనూ వాడితే సొంతడబ్బా ఎలా అవుతాడు? నెలల తరబడి కూర్చుని సొంతంగా ఒక హ్యాష్ లైబ్రరీ రాశాడు. ఉమ్మడిదాన్ని తీసేసి ఇది పెట్టమని ఆమె బల్ల దగ్గరికొచ్చాడు.

"నీదానికంటే నాలుగు రెట్లు వేగం," అన్నాడు కుర్చీ లాక్కుంటూ.

"వేగం ఎవరడిగారు? మనం వాడేదాన్ని బుర్రున్నవాళ్లంతా ఏళ్ల తరబడి పగలగొట్టాలని చూసి, వల్లకాక వదిలేశారు. నీదాన్ని ఎవరు చూశారు?"

"నేను చూశాను."

"పరీక్ష రాసిందీ నువ్వే, మార్కులేసుకుందీ నువ్వే. బాగుంది," అంటూ ఆమె కళ్లెత్తి చూసింది.

ఆ చూపుతోనే మనవాడి పని అయిపోయింది. అప్పట్నుంచి రోజూ ఏదో వంకన వెళ్లి వాదన పెట్టుకునేవాడు. ఆమె సెలవు పెడితే పొద్దు గడిచేది కాదు. ఇంట్లో అక్క, మంచి సంబంధం వచ్చింది, మనసులో ఎవరైనా ఉంటే శుక్రవారంలోగా బయటపెట్టి ఏడవమని గట్టిగా చెప్పేసింది.

గొప్పలకు తెరుచుకునే నోరు ఈ మాటకు పెగల్లేదు. అందుకని అతని బాపతు వాళ్లు మాత్రమే చేయగల పని చేశాడు. 'నువ్వంటే నాకు ఇష్టం' అని రాసి, తన లైబ్రరీలో వేసి, వచ్చిన ముద్రను మాత్రం ఆమెకు పంపాడు. ఇది నా మనసులో మాట, ఊహించి నా లైబ్రరీలోనే వేసి చూడు, ముద్ర కలిస్తే అదే అన్నాడు. ప్రేమించిన పిల్లకు ఎవరూ విప్పలేని మూట పంపి, వెళ్లి హాయిగా భోంచేశాడు.

మర్నాటి నుంచి ఆమె మాట్లాడటం మానేసింది. గురువారం పొద్దున కాఫీ మెషీన్ దగ్గర అతను అడ్డంపడి ఏమైందని అడిగాడు.

"నీ మాట దొరికింది. రోజూ పోట్లాటేగా, మొదటి ఊహకే కలిసింది. 'నువ్వంటే నాకు చిరాకు'. దానికింత తతంగం ఎందుకు? మొహానే చెప్పొచ్చుగా."

కప్పు అక్కడే వదిలేసి వెళ్లిపోయింది. అతని లైబ్రరీలో ఒక్క అక్షరమూ నమ్మని మనిషి, ఆ ఒక్క ముద్రను మాత్రం నమ్మేసింది. మనసు నొచ్చుకుంటే నిపుణులూ మామూలు మనుషులే.

అతను పరుగున సీటు దగ్గరికెళ్లి 'నువ్వంటే నాకు చిరాకు' అని కొట్టి చూశాడు. అదే ముద్ర. చిరాకు తీసి ఇష్టం పెట్టాడు, అదే ముద్ర. అనుమానమొచ్చి 'నువ్వంటే నాకు గొడుగు' అని కొట్టాడు. అదే. ఆ నాలుగు రెట్ల వేగం ఎక్కడిదో అప్పుడు తెలిసింది. ఆ లైబ్రరీ మొదటి కొన్ని అక్షరాలు చదివి మిగతాది గాలికొదిలేస్తోంది. పొట్టి పొట్టి మాటలతోనే పరీక్షించుకుని ఇన్నాళ్లూ మురిసిపోయాడు.

లైబ్రరీ సంగతి తేల్చే మీటింగ్ ఆ మధ్యాహ్నమే. వేగమంటే చెవి కోసుకునే మేనేజరు అప్పటికే సగం ఒప్పుకున్నాడు. నోరు మూసుకుంటే పరువు దక్కుతుంది, ఆమె దక్కదు.

మీటింగులో లేచి నిలబడి, మూడు వాక్యాలూ వాటి ఒకే ఒక్క ముద్రా తెర మీద పెట్టాడు. నా లైబ్రరీ చెత్త అన్నాడు. అందరి ముందే తీసిపారేశాడు. గది గొల్లుమంది. గొడుగు సంగతి ఎవరో మళ్లీ మళ్లీ అడిగారు.

ఆమె మాత్రం నవ్వలేదు.

"మూడింటికీ ముద్ర ఒకటే. మరి నువ్వు పంపింది ఏది?"

ఋజువు లేదు. ఏ మెషీనూ ఆదుకోదు.

"ఇష్టం," అన్నాడు. "నువ్వంటే నాకు ఇష్టం. నమ్మితే నమ్ము. రేపు అక్కకి సంబంధం సంగతి చెప్పాలి. నువ్వేమంటే అదే చెప్తాను."

ఇన్ని రోజుల దిగులూ వదిలి ఆమె మొహం తేటపడింది. మేనేజరు వింటున్నాడని కూడా చూడలేదు.

"నాకూ నువ్వంటే ఇష్టమే. నీ కోడంటే చిరాకు. మీ అక్కకి రెండూ చెప్పు, మొదటి సగం చెప్పి ఊరుకోకు."