గంధకం గోదాములో గొంతు

"తలుపు తియ్యండి... తలుపు..."

వీధి చివర నుంచి వచ్చిందా అరుపు. ఒక్కసారే. ఆ తర్వాత వీధంతా చెవులు రిక్కించినా ఇంకేమీ వినపడలేదు.

పంక్చర్లు వేసే అల్లుడి చేతిలో చెంబు అలాగే ఆగిపోయింది. వంటింటి గుమ్మంలోంచి భార్య తొంగి చూసింది. ఇద్దరికీ ఒకే మాట తట్టింది.

మామగారు అటే వెళ్లారు.

పెళ్లయి ఇన్నేళ్లయినా ఆ పెద్దమనిషి కూతురింట మెతుకు ముట్టింది లేదు. "గాలి కొట్టేవాడికి పిల్లనిచ్చాను, నా బుద్ధి గాలికి పోయి" అని కనపడ్డ వాడికల్లా చెప్పుకునేవాడు. అల్లుణ్ణి "ఏమయ్యా" అనడమే తప్ప వరస పెట్టి పిలిచింది కూడా లేదు. అలాంటి మనిషి ఇన్నాళ్లకి భోజనానికి వచ్చాడు. తీరా కంచాలు పెట్టాక, "కాస్త ఆకలి రాజుకోనీ, అలా తిరిగొస్తా" అని చెప్పులేసుకున్నాడు.

"నాన్న వచ్చి కూర్చుంటేనే నేను గరిటె పట్టుకునేది" అంది కూతురు.

వీధి చివర ఏముందంటారా? రబ్బరు చెప్పుల ఫ్యాక్టరీ వాళ్ల పాత గోదాము. ఫ్యాక్టరీ మూతపడింది గానీ గోదాముకున్న చెడ్డపేరు మూతపడలేదు. చీకటి పడితే అందులో నేల మీద నీలం దీపాలు నడుస్తాయంటారు. బస్తాల కింద నుంచి నెత్తురు పాకుతుందంటారు. దగ్గరికెళ్లిన వాడి గొంతు కనపడని చేతులు నులుముతాయంటారు. వెనకటికి ఎవరో చూసుకోక, కూలీ ఒకడు లోపలుండగానే బయట గొళ్లెం పెట్టేశారట. లోపల మంట రేగింది. పక్కనే యంత్రాల హోరు... వాడు తలుపు బాది బాది ఎంత అరిచినా ఒక్కరికీ వినపడలేదట.

ఇక మన అల్లుడి ధైర్యమంటారా, ట్యూబు పేలితే బండివాడికంటే ముందు తనే ఉలిక్కిపడే రకం.

"మీరు వెళ్తారా, నన్ను వెళ్లమంటారా?" అంది భార్య, మెల్లగా.

ఆ మెల్లదనానికే భయపడి బయల్దేరాడు.

దారిలో ఇస్త్రీ బండి అవ్వ ఆపింది. "అబ్బాయ్... విన్నావా?"

"విన్నా."

"నేనూ విన్నా. అటు పోకు నాయనా."

"మా మామగారు అటే వెళ్లారవ్వా."

అవ్వ బండి కింద నుంచి టార్చి తీసి చేతిలో పెట్టింది. "బ్యాటరీ అంతంతమాత్రమే. నీ ధైర్యం లాగే. జాగ్రత్త."

గోదాము తలుపు బార్లా తెరిచి ఉంది.

గుమ్మంలో అడుగు పెట్టాడో లేదో... టార్చి రెండుసార్లు మిణుకుమని ఆరిపోయింది.

చీకటి. ఆ చీకట్లో, మూలన, నేల మీద... నీలం వెలుగు. చప్పుడు లేదు, చిటపటలు లేవు. పిల్లి నడిచినట్టు మెత్తగా బస్తా మీంచి దిగి నేల మీద పాకుతోంది. దాని కింద ఏదో చిక్కగా, ఎర్రగా... నెత్తురే.

"మామ..." అన్నాడు. అంతే. మిగతా మాట బయటికి రాలేదు. గొంతు ఎవరో పిసికేసినట్టయింది. కళ్లు భగ్గున మండాయి. కాళ్లు వాటంతట అవే వెనక్కి తిరిగాయి.

కానీ ఇంటికెళ్లి ఏమని చెబుతాడు? గరిటె పట్టుకోకుండా నిలబడ్డ ఆ మనిషికి?

గోడ పక్కన నీళ్ల డ్రమ్ము ఉంది. భుజం మీది తువ్వాలు ముంచి ముక్కూ నోరూ కట్టుకున్నాడు. నేలబారుగా, మంటకి దూరంగా పాక్కుంటూ వెళ్లాడు. చేతికి చెప్పు తగిలింది. చెప్పులో పాదం.

పాదం కదిలింది.

ఇంకేమీ ఆలోచించలేదు. చంకల కింద చేతులేసి ఈడ్చుకొచ్చాడు. ఇద్దరూ బయటపడి, పేగులు తెగేలా దగ్గారు. కాస్త తేరుకున్నాక, ఖాళీ గోనెసంచులు డ్రమ్ములో ముంచి, ఊపిరి బిగబట్టి వెళ్లి ఆ నీలం మంట మీద కప్పి వచ్చాడు. ఆరిపోయింది.

"మా అమ్మాయికి..." మామగారి గొంతు బొంగురుగా, గుసగుసగా వచ్చింది. "చెప్పకు."

"ఏం చెప్పకూడదు?"

ఆయన గుప్పిట విప్పాడు. నలిగిన సిగరెట్ పెట్టె.

మానేశానని కూతురి మీద ఒట్టేసిన మనిషి చాటుగా కాల్చుకోడానికి దెయ్యాల గోదాములో దూరాడు. పీక విసిరాడు. అది పోయి పోయి చిరిగిన గంధకం బస్తా మీద పడింది.

గంధకం చూడ్డానికి పసుపంత సాధువు. బడిలో అలోహాల పాఠంలో చదివే ఉంటారు. ఉత్త రబ్బరు ఎండకి జిగురై అంటుకుంటుంది, చలికి బీటలిస్తుంది. దానికి గంధకం కలిపి ఉడికిస్తే గట్టిపడి, సాగి మళ్లీ తన చోటికి వస్తుందని వెనకెప్పుడో ఒకాయన కనిపెట్టాడు. టైర్లయినా చెప్పులయినా దాని పుణ్యమే. మన అల్లుడి కూడూ గుడ్డా కూడా. కానీ అంటుకుందా... పగలు కనీకనపడని నీలం మంట. వేడెక్కి కరిగిందా, నెత్తురంత ఎరుపు. దాని పొగ సరాసరి గొంతు పట్టుకుంటుంది. మూడు దెయ్యాలూ ఒకే బస్తాలో దొరికాయి.

ఇంటికొచ్చి ముఖాలు కడుక్కున్నారు. వీధి తలుపు గడియ వేసుకున్నారు. కూతురు తండ్రి దగ్గరికొచ్చి వాసన చూసింది.

"సిగరెట్టా నాన్నా?"

"అబ్బే, గంధకం."

"ఊఁ." నమ్మలేదు. అయినా గరిటె పట్టుకుంది.

ముగ్గురి కంచాల్లోనూ వడ్డన అయింది. అల్లుడికి అప్పుడు నవ్వొచ్చింది. "ఏమైనా మామయ్యా, మీరు అంత గట్టిగా అరవబట్టి సరిపోయింది. లేకపోతే నేను వచ్చేవాణ్ణే కాదు."

మామగారి చెయ్యి కంచంలోనే ఆగింది. "ఏ అరుపు?"

"అదే... తలుపు తియ్యమని. వీధంతా విన్నాం."

ఆయన అల్లుడి ముఖం కేసి చూశాడు.

"పీక పడ్డ కాసేపటికే నా గొంతు మూసుకుపోయింది. అరవడానికి నోరు పెగిలితేగా... అయినా, తలుపు తీసే ఉంది కదా, అల్లుడూ."



కూతురు లేచింది. వెళ్లి వీధి తలుపు గడియ తీసి, రెండు రెక్కలూ బార్లా తెరిచింది. ఇంకో కంచం తెచ్చి, నిండుగా వడ్డించి, గుమ్మం పక్కన పెట్టింది. వచ్చి వాళ్లిద్దరి మధ్యా కూర్చుంది.

"తినండి. చల్లారిపోతుంది."

గుమ్మం వైపు చూడకుండా, అందరూ కలిసి తిన్నారు.