పాలలో ఉడికిన ఆల్చిప్పలు

పొద్దున ఏడింటికే మణుగూరులోని ఆ రెండు గదుల ఇంట్లో వెన్న కరిగే వాసన లేచింది. కుడిచేతికి కట్టుతో అనంతమ్మ వంటగది గుమ్మంలోకి వచ్చేసరికి కూతురు నవత ఉల్లిగడ్డలు సన్నగా తరుగుతోంది. విశాఖలో పెద్ద హోటల్లో వంట చేసే పిల్ల. తల్లి జారిపడి మణికట్టు విరగ్గొట్టుకుందని తెలిసి, మూడు రోజులు సెలవు పెట్టి నిన్ననే వచ్చింది.

"ఆ గిన్నెల ఏందే?"

"సముద్రపు ఆల్చిప్పలమ్మా. మంచుపెట్టెల పెట్టుకొచ్చిన. రాత్రి ఉప్పునీళ్లల్ల ఏస్తే ఇసుకంత కక్కినయ్."

ఆవిరి తగలగానే చిప్పలు నోళ్లు తెరిచాయి. తెరవనివి పారేసి, లోపలి మాంసం తీసి, ఆ నీళ్లు వడగట్టి పక్కన పెట్టింది. వెన్నలో ఉల్లిగడ్డ, ఆలుగడ్డ ముక్కలు మగ్గించి, కాస్త మైదా చల్లి, ఆ నీళ్లు పోసింది. అంతవరకూ అనంతమ్మ ఊరుకుంది. పిల్ల పాలగిన్నె అందుకోగానే గబుక్కున ముందుకొచ్చింది.

"ఆగు! నీసుల పాలు పోస్తవా? పిచ్చి లేసిందా నీకు?"

నవత చేతుల మీదా మెడ మీదా తెల్లమచ్చలున్నాయి. ఎనిమిదో ఏట మొదలయ్యాయి. అంతకు నెల ముందు, చేపల కూర తిన్న పిల్ల మారాం చేస్తే అనంతమ్మ గ్లాసెడు పాలిచ్చింది. అంతే, అత్తకు అది చాలింది. చేపల మీద పాలు తాపి పిల్లకు బొల్లి తెచ్చిందని వాడకట్టంతా చాటింది. అందరికన్నా ముందు నమ్మింది అనంతమ్మే. ఆనాటి నుంచి పద్దెనిమిదేళ్లుగా చేప ముట్టలేదు, పాలు ముట్టలేదు, చివరికి చాయ కూడా మానేసింది. మొన్న దవాఖానాలో ఎముకలు గుల్లబారాయి, పాలు తాగు, చేపలు తిను అని డాక్టరు చెబితే తలూపి వచ్చి, పచ్చిపులుసుతో అన్నం తిన్నది.

"దీన్ని చౌడర్ అంటరమ్మా. ఐదేండ్ల సంది తింటున్న. కొత్త మచ్చ ఒక్కటన్న లేసిందా? చూడు. గిది తిండితోని వచ్చేది కాదు."

"నేను చేసిన పాపం నాకెర్క!" అంటూ అనంతమ్మ ఎడమచేత్తో గిన్నె లాక్కుంది. సగం పాలు పొయ్యి మీద ఒలికి మాడాయి.

వరండాలో ఆమె భర్త బిక్షపతి, ముప్పై ఏళ్లు బొగ్గుబావిలో పనిచేసి రిటైరైన మనిషి, తేలు కుట్టిన దొంగలా కదలకుండా కూర్చున్నాడు. నవత అటు తిరిగింది.

"నాయినా, చిన్నప్పుడు నన్ను భద్రాచలం దవాఖానాకు తోల్కపోయింది నువ్వే గదా? నన్ను బయట కూసోబెట్టి లోపలికి పోయినవ్. డాక్టర్ ఏమన్నడు?"

బిక్షపతి చేతిలో పేపరు మడిచాడు. మళ్లీ విప్పాడు.

"తిండితోని కాదన్నడు. మీ ఇంట్ల ఎవరికన్న ఉన్నదా అని అడిగిండు."

"ఉన్నదా?"

"మా నాయినకుండె, వీపు మీద. సచ్చేదాక నలుగుట్ల అంగీ ఇప్పలే. అప్పటికి చిన్నచెల్లె పెండ్లి కాలే. మన రక్తంల ఉన్నదంటే ఎవరు చేసుకుంటరని అమ్మ నాతోని ఒట్టు ఏయించుకున్నది."

"చెల్లె పెండ్లయి పదిహేనేండ్లాయె," అంది అనంతమ్మ. ఆ గొంతులో కోపం కూడా లేదు.

"అయింది. తర్వాత ఎట్ల చెప్పాల్నో తెల్వలే. నువ్వేమో ఏం అడగకపోతివి. గట్లనే అలవాటైపోయింది."

అలవాటట! ఒక మనిషి ఎముకలు అరిగిపోతుంటే ఎదురుగా కూర్చుని, పాల చాయ తాగుతూ చూడడం అలవాటైపోయిందట. అనంతమ్మ గోడకు జారగిలబడి నేల మీద కూలబడింది.

నవత మిగిలిన పాలు పోసి, మరిగితే విరుగుతాయని మంట తగ్గించి, ఆల్చిప్పల మాంసం వేసి, మిరియాలు చల్లింది. గిన్నెలో పోసుకుని తల్లి ముందు కూర్చుంది.

"తప్పయింది," అన్నాడు బిక్షపతి గుమ్మంలో నిలబడి.

అనంతమ్మ అటు చూడలేదు. చెంచా అందుకుంది గానీ ఎడమచేతి వాటం లేక కింద పడేసింది. నవత తినిపించింది. మొదటి చెంచా మింగలేక మింగింది. రెండోదానికి ఏడుపు కట్ట తెగింది.

నవత కళ్లు తుడుచుకోవడానికి పక్కకు తిరిగితే, అనంతమ్మ ఆ మచ్చల చెయ్యి గట్టిగా పట్టుకుంది.

"మొకం ఇటు తిప్పు బిడ్డా. నిన్ను కండ్లెత్తి చూడక పద్దెనిమిదేండ్లాయె."