చివరి తొట్టికి అందని నాడి

నాడికట్టు మణికట్టుకి బిగించి, చెవిగుండీ పెట్టుకుని, నూకరత్నం గోడకి వీపు ఆనించి కూర్చుంది. కాసేపటికి ఎదురుచప్పుడు వినబడింది.

ముందు ఆమె గుండె కొట్టుకుంటుంది. నాడికట్టు అందుకున్న ఆ దెబ్బ గొట్టంలోని పోషరసాన్ని తోస్తుంది. ఆ రసం గోడ అవతల లయవరుసలో ఉన్న ఉమ్మతొట్లకి ఒకదాని తర్వాత ఒకటిగా చేరుతుంది. అప్పుడు తొట్లలోని పిండాల గుండెలు బదులు పలుకుతాయి. తాటాకు కప్పు మీద సన్నటి చినుకులు రాలినట్టు, వడివడిగా. బయటివాళ్లకి అదంతా ఒకటే గోల. నూకరత్నం మాత్రం పప్పులో రాళ్లు ఏరినట్టు ఏ చప్పుడుకా చప్పుడు విడదీసుకోగలదు. ఈ గదిలో ఆమెకి వేరే తోడు లేదు మరి.

వరుస చివరనున్న తొట్టి చప్పుడు ఇవాళ మరీ పలచబడింది.

మొదట్లో ఈ పని యంత్రమే చేసేదట. యంత్రం దెబ్బ తప్పదు, అలసిపోదు. కానీ ఆ తొట్లలో పెరిగిన పిల్లల గుండెలకి ఒక్కటే నడక పట్టుబడింది. పరిగెత్తినా అదే నడక, జడుసుకున్నా అదే నడక. ఆడుతూ ఆడుతూ కూలిపోయి, మరి లేవలేదు కొందరు. అప్పటినుంచి మనుషుల నాడి పెట్టారు. నాడిదాత గుండె అదిరితే తొట్లలోని గుండెలు వంకర పోతాయన్న భయంతో నిమ్మళ నియమం కూడా పెట్టారు. నిమ్మళగదిలో పాట ఉండదు, కారం ఉండదు, బయటికి కిటికీ ఉండదు. కబురు అసలే ఉండదు. ఎవరికైనా బయటినుంచి కబురొస్తే గోడ మీద ఎర్రటి వార్తదీపం వెలుగుతుంది. అంతే. అది మంచో చెడో చెప్పరు. ఏడుపు ఎంత చెరుపో సంతోషమూ అంతే చెరుపని వాళ్ల లెక్క. తొట్లు పక్వానికొచ్చి వరుస ఖాళీ అయ్యాకే దీపం విప్పి కబురు వినిపిస్తారు.

నూకరత్నం గదిలో దీపం పోయిన అమావాస్య నాటినుంచి వెలుగుతూనే ఉంది. ఆమె దానికి వీపు తిప్పి కూర్చోవడం అలవాటు చేసుకుంది.

రెండు గదుల మధ్య గోడలో ఉన్న అన్నం కిటికీ తలుపు టకటకలాడింది. పక్కగది పైడిరాజు. ముఖం ఎరగదు, గొంతే ఎరుగును. భీమిలి వైపు చేపల వేటకెళ్లే మనిషి, వయసు మళ్లాక ఇక్కడ చేరాడు. అన్నం వచ్చే వేళ ఆ కిటికీలోంచి నాలుగు మాటలు ఆడుకోనిస్తారు, గొంతు పెంచకుండా.

"వొదినా, ఏటి పెట్టారీవేళ?"

"నిన్న పెట్టిందే. గంజీ, ఉప్పులేని బీరకాయా."

"నా వంజరం బాగా గెంతుతోంది. చందువ కూడా పరవాలేదు." అతను తన తొట్లన్నింటికీ చేపల పేర్లు పెట్టుకున్నాడు. "మీ చివర్న ఉన్న నెత్తళ్లు ఎలగుంది?"

"పిల్లల్ని చేపలంటావేటి? నోరు కడుక్కో."

"ఈదేవన్నీ చేపలే కదొదినా. గట్టెక్కినాక మనుషులు."

ఆమెకి నవ్వు రాబోయి ఆగిపోయింది. ఆపుకోనక్కర్లేకుండానే ఆగిపోయింది. ఇన్నేళ్లలో అదీ నేర్చుకుంది ఒళ్లు.

అసలు నూకరత్నానికి ఈ పని ఇచ్చిందే ఆ గుణం చూసి. పరీక్ష రోజున నాడికట్టు కట్టి, సముద్రంలో పోయిన పెనిమిటి గురించి అడిగారు. పడవ తిరగబడి వచ్చిన సంగతి, ఒడ్డున చొక్కా దొరికిన సంగతి అన్నీ చెప్పించారు. తెర మీద గీత లేవలేదు. ఆ పూటే చేరమన్నారు. ఆమె అప్ప ఎర్నమ్మ అది విని గుమ్మంలో చతికిలబడిపోయింది. "నువ్వు ఏడవట్లేదని జీతమిత్తారంటే? ఏడుపు రాకపోతే తెప్పించుకోవాలి గాని, అమ్ముకుంటారా ఎవరైనా?" అంది. ఆ మాటకి నూకరత్నం మూట పట్టుకుని వచ్చేసింది. ఆ తర్వాత అక్కచెల్లెళ్లకి మాటల్లేవు.

మధ్యాహ్నం దాటాక డాక్టర్ మృదుల వచ్చింది. పిల్ల డాక్టరు. నిమ్మళగదుల్లోకి వచ్చేటప్పుడు చెప్పులు విప్పి అడుగుల చప్పుడు కాకుండా నడుస్తుంది. ఎప్పుడూ నిలబడే మాట్లాడే మనిషి ఇవాళ నేల మీద కూర్చుంది.

"పిన్నిగారూ, చివరి తొట్టి సంగతి మీతో చెప్పాలని వచ్చాను."

"చూపెట్టండి."

మృదుల చేతిపలక వెలిగించింది. అలసంద గింజంత పిండం, లోపల ఆడుతున్న మసక చుక్క.

పిండంలో గుండె కట్టుకునే తీరు నూకరత్నం ఎన్నోసార్లు చూసింది. మొదట పక్కపక్కన రెండు పోగులుంటాయి. అవి దగ్గరికొచ్చి ఒక గొట్టమవుతాయి. తోయడానికి నెత్తురు సరిగ్గా తయారవకముందే ఆ గొట్టం కొట్టుకోవడం మొదలెడుతుంది. ఎవరు చెప్పారో దానికి! తర్వాత పొడుగు పెరిగి, ఉన్న చోటు చాలక, నిద్రలో పిల్ల ఒత్తిగిలినట్టు కుడివైపుకి వంగుతుంది. కొన్ని ఎడమకి వంగుతాయి, కొన్ని సగంలో ఆగుతాయి. వంగాక గదులు కట్టుకోవాలి. నడిమిన ఆ పక్కనుంచొకటి, ఈ పక్కనుంచొకటి రెండు మెత్తలు పెరిగి వచ్చి కలుసుకోవాలి. ఆ కలిసిన చోటే గోడలకి ఆధారం. అవి కలవకపోతే మంచి నెత్తురూ చెడ్డ నెత్తురూ ఒకే కుండలో కలిసిపోతాయి.

చివరి తొట్టి గుండె వంగడం వరకు చక్కగానే వంగింది. మెత్తలు మాత్రం ఎదురుబొదురుగా ఆగిపోయాయి. గుమ్మానికి ఈ పక్కొకరూ ఆ పక్కొకరూ నిలబడి, ఎవరు ముందు పలకరించాలో తేలక ఊరుకున్నట్టు.

"నెత్తురు పారుతూ ఉంటే, ఆ ఒరిపిడికే అవి పెరుగుతాయి," అంది మృదుల. "దీనికి పారుదల చాలట్లేదు. సాయంత్రం గంట కొట్టగానే పర్యవేక్షక యంత్రం చూస్తుంది. పారుదల గీత గుర్తు దాటి ఉంటే వదిలేస్తుంది. లేకపోతే విరమణ."

విరమణ అంటే తొట్టి చల్లబరచడం. నూకరత్నానికి తెలుసు. చెవిగుండీలో ఒక చప్పుడు తగ్గుతుంది, అంతే. మిగతావి సర్దుకుంటాయి.

"విత్తు లోపమా?"

"అలాగే రాస్తున్నాం ఇన్నాళ్లూ." మృదుల పలక ఒళ్లో బోర్లించింది. "కానీ ప్రతిసారీ చివరి తొట్టే ఎందుకు పోవాలి? మీ నాడి ఏటికేడూ నెమ్మదిస్తోంది పిన్నిగారూ. వరుస చివరికి చేరేసరికి దెబ్బలో బలం ఉండట్లేదు. నిమ్మళంగా ఉన్నవాళ్లని ఏరి తెచ్చుకున్నాం. తెచ్చుకుని ఇంకా నిమ్మళం చేశాం. పైవాళ్లకి చెప్పాను. దాత గీత ఆదర్శంగా ఉంది, మార్చక్కర్లేదన్నారు."

"లేచి అటూ ఇటూ తిరగనా?"

"తిరిగినా మీ గీత లేవదు. పోయిన నెల మీరు మెట్లెక్కినప్పుడు చూశాను."

నూకరత్నం చెవిలో చినుకులు రాలుతున్నాయి. చివరన ఉన్నది రాలి, ఆగి, మళ్లీ రాలింది. ఆమె మెల్లగా తల తిప్పింది. ఇన్నాళ్లకి ఎర్రదీపాన్ని ఎదురుగా చూసింది.

"అదడిగితే?"

మృదుల గబుక్కున తలెత్తింది. "పనిలో ఉండగా వార్త అడిగే హక్కు దాతకి ఉంది. ఎవరూ అడగలేదు ఇంతవరకు. అడిగితే నాడికట్టు మళ్లీ ఇవ్వరు. ఈ గదీ ఉండదు."

"మంచి కబురో చెడ్డ కబురో మీకు తెలుసా?"

"మాకూ తెలియనివ్వరు."

ఈ గది పోతే ఎక్కడికెళ్లాలో నూకరత్నానికి తోచలేదు. ఇల్లు లేదు. అప్ప ఉందో లేదో తెలియదు. ఉందని ఎన్నాళ్లయినా అనుకోవచ్చు, దీపం విప్పకపోతే. విప్పితే ఆ అనుకోవడం కూడా పోవచ్చు. మిగతా చప్పుళ్లన్నీ చెవిలో హాయిగా పడుతున్నాయి. వాటితోనే బతుకు వెళ్లిపోతుంది. ఒక్క చప్పుడు తగ్గితే ఏమవుతుంది? ఇదివరకు తగ్గలేదా?

తగ్గాయి. ప్రతి వరుసలోనూ. అప్పుడు కూడా ఆమె గీత లేవలేదు.

"మిగతా పిల్లలు అదిరిపోరూ?" అంది.

మృదులకి అర్థమైంది. లేచి నిలబడింది. "వాళ్లని పైడిరాజుగారి నాడికి కలుపుతాను. చివరిదొక్కటే మీకు. దానికి నా సంతకం చాలు. నా సంగతి తర్వాత చూసుకుందాం."

అన్నం కిటికీ అవతల అంతా వింటున్నట్టున్నాడు పైడిరాజు. "బావిలోకి రెండు చేదలొకేసారి దింపుతారన్నమాట," అన్నాడు. "దింపండి. తాడు గట్టిదే."

నూకరత్నం చెవిలో చినుకులు ఒక్కసారిగా ఆగిపోయాయి. గది ఇంత పెద్దదని ఆమెకి అప్పుడే తెలిసింది. ఎక్కడో అట్టడుగున ఒక్క చప్పుడు మిగిలింది. సన్నగా, తడబడుతూ.

ఆమె దీపం కింద నిలబడి గోడతో అంది. "నా కబురు చెప్పండి."

గోడలోని గొంతు రెండుసార్లు నియమం చదివింది. ఆమె రెండుసార్లూ సరేనంది. మూడోసారి మరో గొంతు మొదలైంది.

"ద్వారం వద్ద సందర్శకురాలు. పేరు, ఎర్నమ్మ. సంబంధం, అక్క. వెళ్లమని చెప్పినా వెళ్లడం లేదు. ప్రతిరోజూ వస్తున్నారు. సందేశం జతపరచబడింది."

ఆ తర్వాత గాలి చప్పుడు, సముద్రం హోరు, ఎవరో గొంతు సవరించుకోవడం.

"దీన్లోకి మాట్లాడాలా బాబూ? సరే. ఒసే రత్నం, నానే. మెంతికూర, ఎండు రొయ్యలు వండి తెచ్చాను. లోపలికి పంపరంట, నీకు కారం పడదంట. నీకు కారం పడకపోడవేటి, చిన్నప్పుడు పచ్చడి బద్దలు దొంగతనంగా తినీదానివి. నిన్న తెచ్చింది ఇక్కడ కుక్కకి పెట్టీసేను. ఇయాల్టిదీ దానికే. నా సేతి కూడు నీకన్నా ఈ కుక్కే ఎక్కువ తినీసింది... ఆ రోజు నానన్న మాట తప్పే. తప్పు గాదు. తప్పే అనుకో. నాను ఏడవమన్నాను గాని ఒక్కర్తివే ఏడవమన్లేదు. రేపు మళ్లీ వస్తాను. మోకాళ్లు నొప్పిగా ఉన్నాయి, ఇక్కడే కూకుంటాను. సాలా బాబూ? ఇంకా తిరుగుతోందా ఇది?"

నూకరత్నం నోట్లోంచి ఏదో వచ్చింది. నవ్వో ఏడుపో ఆమెకే తెలియలేదు. ఛాతీలో మూలన పడేసి మరిచిపోయిన రోకలిని ఎవరో ఎత్తి రోట్లో వేశారు. ఒకటి, మళ్లీ ఒకటి, ఊపిరాడకుండా. "నిమ్మళం తప్పింది, నిమ్మళం తప్పింది," అంటోంది గోడ. పెనిమిటి చొక్కా గుర్తొచ్చింది. ఇసకలో చేతులు చాపుకుని పడుకున్నట్టున్న ఆ చొక్కా. గోడకి చేతులానించి భోరుమంది.

చెవి అట్టడుగున ఆ ఒక్క చప్పుడు బెదిరి ఆగింది.

"ఏటయింది?" అని అరిచింది నూకరత్నం. ఆ గదిలో ఎవరూ ఎప్పుడూ అరవలేదు.

"ఉండండి," అంది మృదుల. పలక మీదికి వంగింది.

చప్పుడు మళ్లీ మొదలైంది. ముందు మునుపటిలాగే సన్నగా. తర్వాత దెబ్బ మీద దెబ్బ, చినుకు ముదిరి వానైనట్టు, గట్టిగా, గుండ్రంగా. నూకరత్నం వెక్కితే అది పరిగెత్తింది. ఆమె ఊపిరి పీల్చుకుంటే అది నెమ్మదించింది. ఆమెతోపాటు ఎక్కడం, దిగడం నేర్చుకుంటోంది.

సాయంత్రం గంట మోగింది. గోడ అవతల పర్యవేక్షకం పట్టాల మీద కదిలి, తొట్టి తొట్టికీ ఆగుతూ వచ్చింది. చివరి తొట్టి దగ్గర ఎక్కువసేపు ఆగింది. ఆ తర్వాత ముందుకి వెళ్లిపోయింది.

"గుర్తు దాటింది," అంది మృదుల. "మెత్తలు కలుస్తాయని కాదు. కలవడానికి ఇంకా కొన్నాళ్లు చూస్తారు. ఈ నాడి ముద్ర తీసుకున్నాను, పైవాళ్లకి ఇదే చూపిస్తాను. అప్పటిదాకా దానికి మీలాంటి దెబ్బే కావాలి, అలాంటి దాతనే అడుగుతాను."

తలుపు దానంతటదే తెరుచుకుంది. నాడికట్టు విప్పి అప్పగించమంది గోడ.

"గేటు దాకా ఎల్లి విప్పుతాను," అంది నూకరత్నం.

నడవలో రెండు వైపులా నిమ్మళగదులు. మూసిన తలుపుల కింద సందుల్లోంచి నేల మీదికి ఎర్రటి వెలుగు గీతలు గీతలుగా పడుతోంది. దీపం వెలిగింది తన ఒక్కదాని గదిలోనే అనుకుందామె ఇన్నాళ్లూ. పైడిరాజు తలుపు కిందా ఎర్రగానే ఉంది.

"పైడిరాజూ, నీక్కూడా కబురొచ్చిందా?"

"వొచ్చి నాలుగు నెల్లవుతోందొదినా," అన్నాడు లోపలినుంచి, గొంతు పెంచకుండా, రెండు వరుసలు మోస్తున్న మనిషి నిదానంతో. "ఈ పిల్లలు గట్టెక్కనీ, నాదీ అడుగుతాను. నువ్వెల్లు. మీ నెత్తళ్లు పరిగెడతంది."

నిజమే, అది పరిగెడుతోంది. నూకరత్నం చెవిగుండీని వేలితో అదిమి పట్టుకుని, ఎర్రటి గీతలు ఒక్కొక్కటే దాటుకుంటూ అడుగు వేగం పెంచింది. నడవ చివర ద్వారం అవతల ఎవరో కుక్కని కసురుతున్నారు.